రెండో క్యాచర్ ఉద్యోగం

అమెరికా బేస్‌బాల్ క్యాచర్ ఎరిక్ క్రాట్జ్ కెరీర్ బ్యాటింగ్ యావరేజ్ .209. అంటే వందసార్లు బ్యాట్ పట్టుకుని నిలబడితే హిట్లు 21 కూడా సరిగ్గా పడవన్నమాట. బేస్‌బాల్‌లో .300 కొడితే స్టార్, .250 అంటే పర్లేదు, .200కి అటూ ఇటూ ఉంటే మామూలుగా బ్యాగ్ సర్దుకోమంటారు. మనోడు ఆ .209 పెట్టుకుని మేజర్ లీగ్‌లో (అందరికంటే పై లీగ్, దాని కిందవి మైనర్ లీగులు) 11 సీజన్లు కనిపించాడు, 332 మ్యాచ్‌లు ఆడాడు, 31 హోమ్ రన్లు కొట్టాడు, 9 టీముల జెర్సీలేసుకున్నాడు. గ్రౌండ్‌లో దిగనివి, మైనర్ లీగ్ కాంట్రాక్టులు, నాలుగు రోజులకే వదిలేసినవి కూడా కలుపుకుంటే 14 ఆర్గనైజేషన్లు. మొత్తం మేజర్ లీగ్‌లో ఉన్న టీములే 30 అండీ బాబూ, సగానికి ఒక్కటి తక్కువ.

ఈయన మీద వచ్చిన ఆర్టికల్స్ అన్నీ దాదాపు ఒకే పాట పాడతాయి, పట్టు వదలని విక్రమార్కుడు, కలని వదల్లేదు, 30 ఏళ్ళకి సాధించాడు అని. అబద్ధమేం కాదు గానీ నాకు ఇన్‌స్పిరేషన్ కథలంటే కొంచెం ఎలర్జీ, అందులో సగం కథే ఉంటుంది. పట్టు వదలనివాళ్ళు మైనర్ లీగుల్లో బోలెడంత మంది ఉంటారు, వాళ్ళల్లో ఎక్కువమంది 26కో 27కో ఇంటికెళ్ళిపోయి వేరే పని చూసుకుంటారు. క్రాట్జ్ మిగిలింది క్యాచర్ కాబట్టి. అదే .209 కొట్టే లెఫ్ట్ ఫీల్డర్ అయ్యుంటే ఆయన పేరు మనదాకా వచ్చేదే కాదు.

క్రికెట్ చూసి పెరిగినవాళ్ళకి క్యాచర్ అంటే వికెట్ కీపర్ అని చెప్పేసి ఊరుకుంటాం కానీ ఆ పోలిక చేతి గ్లోవ్ దగ్గరే ఆగిపోతుంది. కీపర్ ప్రతి బంతికీ బౌలర్‌కి ఏం వెయ్యాలో చెప్పడు. క్యాచర్ చెప్తాడు. ఫాస్ట్‌బాలా, కర్వా, స్లైడరా, లోపలికా బయటికా, అన్నీ తనే, కాళ్ళ మధ్య వేళ్ళతో సైగ చేసి (2022 నుంచి పిచ్‌కామ్ అని బటన్లు నొక్కే మెషిన్ వచ్చింది లెండి). ఎదురుగా ఉన్న బ్యాటర్ పోయిన వారం దేనికి అవుటయ్యాడు, మన పిచర్‌కి (అంటే బౌలర్‌కి) ఇవాళ ఏ బాల్ పడుతోంది ఏది పడట్లేదు, అంపైర్ కింది బాల్‌కి స్ట్రైక్ (మూడు పడితే బ్యాటర్ అవుట్) ఇస్తున్నాడా లేదా, ఇవన్నీ బుర్రలో పెట్టుకుని ఒక మ్యాచ్‌కి 140, 150 సార్లు గొంతుక్కూర్చుని లేవాలి. బ్యాట్ అంచుకి తగిలి వెనక్కొచ్చే ఫౌల్ టిప్పులు వేళ్ళకి తగుల్తాయి, మాస్క్‌కి తగిలితే తల దిమ్మెక్కిపోతుంది, ఇంక మోకాళ్ళ సంగతి చెప్పక్కర్లేదు. అందుకే సీజన్‌లో 162 మ్యాచ్‌లుంటే ఎంత గట్టి క్యాచర్ అయినా 120 ఆడితే గొప్ప. మిగిలిన రోజులకి ఇంకొకడు కావాలి, అదే ఈ రెండో క్యాచర్ ఉద్యోగం.

ఇంకో మెలిక ఏంటంటే షార్ట్‌స్టాప్‌ని సెకండ్ బేస్‌లో నిలబెట్టొచ్చు, సెంటర్ ఫీల్డర్‌ని లెఫ్ట్‌కి పంపొచ్చు, కానీ క్యాచర్ పని క్యాచరే చెయ్యాలి. ఇద్దర్లో ఒకడి వేలు విరిగితే రేపు మధ్యాహ్నానికల్లా ఇంకొకడు ఫ్లైట్ దిగాలి. అందుకే ప్రతి టీమూ ట్రిపుల్ ఏ లెవెల్లో (మేజర్ లీగ్‌కి ఒక్క మెట్టు కింద) ఒక ముప్పై ఏళ్ళాయన్ని రెడీగా పెట్టుకుంటుంది. స్ప్రింగ్ ట్రైనింగ్‌కి పిచర్లే ముప్పై మందికి పైగా వస్తారు, వాళ్ళందరి బాల్స్ పట్టుకోడానికి ఆరేడుగురు క్యాచర్లు కావాలి, అక్కడ కూడా ఇలాంటోళ్ళకి పిలుపొస్తుంది. అమెరికాలో కన్సల్టెన్సీ బెంచ్ మీద కూర్చుని క్లయింట్ కాల్ కోసం ఎదురుచూసిన మనవాళ్ళకి ఈ బతుకు విడమర్చి చెప్పక్కర్లేదు.

క్రాట్జ్ పుట్టింది 1980లో, పెన్సిల్వేనియాలో టెల్‌ఫర్డ్ అనే చిన్న ఊరు, ఫిలడెల్ఫియాకి దగ్గరే. మెనొనైట్ (ఒక క్రైస్తవ శాఖ) కుటుంబం, చదివింది కూడా మెనొనైట్ స్కూలు, తర్వాత వర్జీనియాలో హారిసన్‌బర్గ్‌లో ఉన్న ఈస్టర్న్ మెనొనైట్ యూనివర్సిటీ. అది డివిజన్ 3 కాలేజీ, అక్కడ స్పోర్ట్స్ స్కాలర్‌షిప్పులే ఉండవు, స్కౌట్లు పనిగట్టుకుని వచ్చే చోటు కాదు. 6 అడుగుల 4 అంగుళాల మనిషి, క్యాచర్‌కి అది కొంచెం ఎక్కువే, అంత పొడుగున్నోడు రోజంతా గొంతుక్కూర్చుంటే నడుం ఏమవ్వాలి. 2002 డ్రాఫ్ట్‌లో (టీములు వంతులవారీగా కొత్త కుర్రాళ్ళని ఎంచుకోవడం) టొరంటో బ్లూ జేస్ 29వ రౌండ్లో తీసుకుంది. 29వ రౌండ్లో తీసుకున్నోడు మేజర్ లీగ్‌కి వస్తాడని తీసుకున్నవాళ్ళు కూడా పెద్దగా అనుకోరు.

అక్కణ్ణుంచి 2008 దాకా ఏడు సీజన్లు టొరంటో మైనర్ లీగుల్లోనే. న్యూ హాంప్‌షైర్, సిరక్యూస్, బస్సు ప్రయాణాలు, చవక మోటెళ్ళు, సీజన్ అయ్యాక జీతం బంద్. ఆ రోజుల్లో ట్రిపుల్ ఏకి మొదటిసారి చేరినోడికి నెలకి 2,150 డాలర్లు, అదీ సీజన్ నడిచే నెలలకే. పాతకాపులు బేరమాడుకుని కాస్త ఎక్కువ తెచ్చుకునేవాళ్ళనుకోండి. అదే 2010లో మేజర్ లీగ్ కనీస జీతం సంవత్సరానికి 4 లక్షల డాలర్లు. ఈ రెండు అంకెలూ పక్కపక్కన పెట్టుకుని చూస్తే ఆ కుర్రాళ్ళు ఎందుకు అంత తేలిగ్గా వదల్లేరో అర్థమైపోతుంది, కల సంగతి తర్వాత, ఒక్క నెల పైన ఉంటే కింద చాలా ఏళ్ళ జీతం వచ్చేస్తుంది కదా. పైగా 43 రోజులు మేజర్ లీగ్ రోస్టర్‌లో (టీమ్ జాబితాలో) ఉంటే చాలు, ప్లేయర్ల పెన్షన్‌కి అర్హత వస్తుంది.

2009కి పిట్స్‌బర్గ్ పైరేట్స్‌కి మారాడు, వాళ్ళ ట్రిపుల్ ఏ టీమ్ ఇండియనాపోలిస్‌లో. ఇక్కడో చిన్న సరదా సంగతి, అదే పైరేట్స్ 2008 నవంబర్‌లో మన ఇండియా నుంచి రింకూ సింగ్, దినేష్ పటేల్ అని ఇద్దరు జావెలిన్ కుర్రాళ్ళని టీవీ పోటీలో గెలిచారని పిచర్లుగా తీసుకుంది. అంటే 2009లో మనవాళ్ళిద్దరూ, క్రాట్జూ ఒకే కంపెనీ జీతగాళ్ళు, కాకపోతే వాళ్ళు అట్టడుగు మెట్టు మీద ఫ్లోరిడాలో, ఈయన పై నుంచి రెండో మెట్టు మీద.

2010 జులైలో పైరేట్స్ క్యాచర్ రయాన్ డూమిట్‌కి తలకి దెబ్బ తగిలి కన్‌కషన్ అయింది. జులై 17న క్రాట్జ్ మొదటి మేజర్ లీగ్ మ్యాచ్, 30 నిండి నెల రోజులయింది అప్పటికి. ఆ ఏడు ఆడింది 9 మ్యాచ్‌లే. నెలాఖరుకల్లా ఆ టీమ్ అరిజోనా నుంచి క్రిస్ స్నైడర్ అనే ఇంకో క్యాచర్‌ని తెచ్చేసుకుంది, అంతే. ఈ ఉద్యోగంలో వద్దన్నా ఎదురయ్యే సంగతి ఇదే, నీకు పిలుపు రావాలంటే ఇంకొకడికి దెబ్బ తగలాలి. ఎవరూ బయటికి అనరు, అలా జరగాలని కోరుకునేవాళ్ళు కూడా కాదు, కానీ ఫోన్ మోగిందంటే కారణం మాత్రం అదే.

ఫిలడెల్ఫియాలోనూ సేమ్ కథ. సొంతూరి టీమ్ ఫిల్లీస్, 2011లో రెండే మ్యాచ్‌లు. 2012లో మెయిన్ క్యాచర్ కార్లోస్ రూయిజ్ పాదం పాడైంది, రెండో క్యాచర్ బ్రయన్ ష్నైడర్‌కీ గాయమే, అలా మనోడికి 50 మ్యాచ్‌లు దొరికాయి, .248 కొట్టి 9 హోమ్ రన్లు బాదాడు. 2013 మొదట్లో రూయిజ్‌కి 25 మ్యాచ్‌ల సస్పెన్షన్ పడితే మళ్ళీ ఈయనే. రాయ్ హాలడే, క్లిఫ్ లీ, కోల్ హామెల్స్ లాంటి పిచర్లకి క్యాచర్‌గా కూర్చున్నాడు. 2002లో టొరంటో వాళ్ళు ఈయన్ని తీసుకున్నప్పుడు హాలడే అక్కడ పైన పెద్ద స్టార్, ఈయన కింద ఎవరికీ తెలియనోడు, పదేళ్ళ తర్వాత ఇంకో ఊళ్ళో ఇంకో టీమ్‌లో అదే హాలడేకి సైగలు చెయ్యడం అంటే మాటలా.

2013 మే 19 మ్యాచ్ వీడియో దొరికితే చూడండి. సిన్సినాటి రెడ్స్ మీద, తొమ్మిదో ఇన్నింగ్స్, ఫిల్లీస్ ఒక్క రన్ వెనక, బాల్ వేస్తున్నది అరోల్డిస్ చాప్‌మన్. గంటకి 105 మైళ్ళు వేసి రికార్డు పెట్టిన చాప్‌మన్ అతనే. క్రాట్జ్ హోమ్ రన్ కొట్టి టై చేశాడు, వెంటనే ఫ్రెడీ గాల్విస్ ఇంకోటి కొట్టి 3-2తో మ్యాచ్ ముగించేశాడు. ఆ వీడియో నేను ఎన్నిసార్లు చూశానో, .209 యావరేజ్ మనిషి అందరూ భయపడే చాప్‌మన్‌ని కొట్టడం అనేది ఇంకే ఆటలో చూసినా ఇంత మజా రాదేమో. ఆ తర్వాత నెలలో మోకాలి మెనిస్కస్ చిరిగింది. డిసెంబర్‌లో మళ్ళీ టొరంటోకి ట్రేడ్ (టీముల మధ్య ప్లేయర్ల మార్పిడి).

టొరంటోలో ఏమైందంటే, ఆర్‌.ఏ. డిక్కీ అని నకల్‌బాల్ పిచర్ ఉన్నాడు, ఆ బాల్ తిరగకుండా ఊగుతూ వస్తుంది, ఎటు పోతుందో వేసినోడికే తెలీదు. దాన్ని పట్టడం అలవాటైనోడు జోష్ థోల్. కాబట్టి 2014లో రెండో క్యాచర్ సీటు థోల్‌కి, క్రాట్జ్ ట్రిపుల్ ఏకి. బాగా ఆడలేదని కాదు, ఐదు రోజులకోసారి వచ్చే ఒక్క పిచర్ కోసం సీటు పోయింది. జులైలో కాన్సస్ సిటీ రాయల్స్‌కి ట్రేడ్ చేశారు, డానీ వెలెన్సియా కోసం, లియమ్ హెండ్రిక్స్‌తో పాటు ఈయన్ని కలిపి.

రాయల్స్‌లో మెయిన్ క్యాచర్ సాల్వడోర్ పెరెజ్, రాతిమనిషి. టీమ్ ఆ ఏడు వరల్డ్ సిరీస్ (ఫైనల్) దాకా వెళ్ళింది, పోస్ట్ సీజన్‌లో (సీజన్ తర్వాత జరిగే నాకౌట్లలో) 15 మ్యాచ్‌లు, 15లోనూ పెరెజే. క్రాట్జ్ రోస్టర్‌లో ఉన్నాడు, ప్యాడ్లు కట్టుకుని డగౌట్‌లో, బుల్‌పెన్‌లో పిచర్లని వార్మప్ చేయిస్తూ. ఏడో మ్యాచ్ ఆఖర్లో మూడో బేస్‌లో అలెక్స్ గోర్డన్ ఉండగా జెయింట్స్ పిచర్ బమ్‌గార్నర్ బాల్‌కి పెరెజ్ గాల్లోకి లేపాడు, శాండోవల్ పట్టేశాడు, అయిపోయింది. మొత్తం పోస్ట్ సీజన్‌లో క్రాట్జ్ ఆడిన మ్యాచ్‌లు సున్నా.

2015లో పాదం నొప్పి, ప్లాంటర్ ఫాసియైటిస్. రాయల్స్ మేలో డ్రూ బ్యుటెరా అని ఇంకో రెండో క్యాచర్‌ని తెచ్చుకుంది (వాళ్ళ నాన్న సాల్ బ్యుటెరా కూడా ఇలాంటి తిరుగుడు క్యాచరే, ఇంటి వృత్తి అన్నమాట). క్రాట్జ్‌ని డీఎఫ్ఏ చేశారు, అంటే రోస్టర్లోంచి పేరు తీసేసి, కొద్ది రోజుల్లో ట్రేడ్ చెయ్యడమో, వేవర్స్‌లో (కావాల్సిన వేరే టీమ్ తీసుకోవచ్చని) పెట్టడమో, వదిలెయ్యడమో తేల్చడం. ఇప్పుడు చూడండి, అదే ఏడు నవంబర్ 1న న్యూయార్క్‌లో వరల్డ్ సిరీస్ ఐదో మ్యాచ్, 12వ ఇన్నింగ్స్‌లో పెరెజ్ బదులు బేస్ మీద పరిగెత్తడానికి డైసన్‌ని పంపారు, దాంతో పెరెజ్ బయటికి, ఆ ఇన్నింగ్స్ రెండో సగంలో ప్లేట్ వెనక కూర్చున్నది బ్యుటెరా. వేడ్ డేవిస్ వేసిన ఆఖరి స్ట్రైక్ బ్యుటెరా గ్లోవ్‌లో పడింది, రాయల్స్ చాంపియన్లు. ఆ సీటు మేలో ఎవరిదో ఆలోచించండి. క్రాట్జ్ అప్పటికి రెడ్ సాక్స్ (ఒక్క మ్యాచ్ కూడా ఆడించలేదు), మారినర్స్ మైనర్ లీగ్, మళ్ళీ ఫిల్లీస్ చుట్టేసి సీజన్ ముగించేశాడు. నాకైతే ఈ మొత్తం కెరీర్‌లో కడుపు తరుక్కుపోయేది ఇదే, ఆయనకి ఎలా ఉందో మరి.

2016 అయితే టైమ్‌టేబుల్ లాగా ఉంటుంది. పాడ్రెస్‌తో సంతకం, మార్చిలో డాన్ స్ట్రెయిలీ అనే పిచర్ కోసం ఆస్ట్రోస్‌కి ట్రేడ్, అక్కడ 29 సార్లలో 2 హిట్లు, బయటికి, ఏంజెల్స్ మైనర్ లీగ్, మళ్ళీ పాత పైరేట్స్. స్ట్రెయిలీ ఆ ఏడు రెడ్స్‌లో 14 మ్యాచ్‌లు గెలిచాడు, ఆస్ట్రోస్ వాళ్ళు ఆ బేరం గురించి ఏమనుకున్నారో. మ్యాచ్ చేజారిపోయినప్పుడు అసలు పిచర్లని వృథా చెయ్యకుండా మామూలు ప్లేయర్‌ని పిచింగ్‌కి దింపుతారు కదా, ఆ పని కూడా క్రాట్జ్ నెత్తినే పడేది, అదే ఏడు ఆస్ట్రోస్‌కీ పైరేట్స్‌కీ రెండిటికీ బాల్ వేశాడు. పట్టడం, వెయ్యడం, రెండూ. 2017లో క్లీవ్‌లాండ్ ఇండియన్స్ ట్రిపుల్ ఏలో సీజనంతా ఉండి ఆగస్టు ఆఖర్న యాంకీస్‌కి మారాడు, 4 మ్యాచ్‌లు, 2 సార్లు బ్యాటింగ్, 2 హిట్లు. సీజన్ యావరేజ్ 1.000. నవ్వొచ్చింది నాకు రికార్డు చూసి.

2018 మే 25న మిల్వాకీ బ్రూవర్స్‌కి వచ్చాడు, అప్పటికి 38కి దగ్గర. మానీ పీన్యాతో పంచుకుని 67 మ్యాచ్‌లు, 6 హోమ్ రన్లు. బ్రూవర్స్ కబ్స్‌తో సమానంగా నిలిచి, 163వ మ్యాచ్ అదనంగా ఆడి డివిజన్ గెలిచింది. తర్వాత కొలరాడో రాకీస్‌తో మూడు మ్యాచ్‌లు, మూడూ గెలిచారు. ఆ సిరీస్‌లో క్రాట్జ్ 8 సార్లకి 5 హిట్లు కొట్టాడు, .625. 1905లో లేవ్ క్రాస్ తర్వాత పిచర్ కాని వాళ్ళలో ఇంత లేటు వయసులో మొదటిసారి పోస్ట్ సీజన్ ఆడింది ఈయనే అని అందరూ రాశారు. రాయాల్సిందే. కానీ నేను చూసే అంకె వేరే, ఆ మూడు మ్యాచ్‌ల 28 ఇన్నింగ్స్‌లో రాకీస్ చేసిన రన్లు 2. పిచర్లవే చేతులు, కాదనను, పిచ్‌లు ఎంచిన బుర్రలు మాత్రం క్యాచర్లవి. ఆ తర్వాత డాడ్జర్స్ చేతిలో ఏడు మ్యాచ్‌ల సిరీస్‌లో ఓడిపోయారు.

ఇక్కడ ఫ్రేమింగ్ గురించి చెప్పకపోతే అన్యాయం. స్ట్రైక్ జోన్ (స్ట్రైక్ ఇచ్చే పరిధి) అంచున పడే బాల్‌ని గ్లోవ్ కదలకుండా మెత్తగా, కాస్త లోపలికి పట్టి అంపైర్‌కి స్ట్రైక్‌లా కనిపించేట్టు చెయ్యడం. పాతకాలం వాళ్ళకి ఇది తెలుసు గానీ ఎంత విలువో లెక్క తెలీదు. 2008 ప్రాంతంలో ప్రతి పిచ్‌నీ కెమెరాలతో కొలవడం మొదలయ్యాక అనలిస్టులు లెక్కేస్తే సీజన్‌లో దీనివల్లే చాలా రన్లు ఆగుతున్నాయని తేలింది. క్రాట్జ్ ఇందులో మంచోడు. అంటే సరిగ్గా ఆయన పైకొచ్చే టైమ్‌కి ఆయన చేతిలో ఉన్న పనికి మార్కెట్ రేటు పెరిగింది, పట్టుదలతో పాటు ఈ అదృష్టం కూడా లెక్కలో వెయ్యాలి. 2026 నుంచి మేజర్ లీగ్‌లో బాల్-స్ట్రైక్ చాలెంజ్ వస్తుందన్నారు, మన డీఆర్‌ఎస్ లాగా, బ్యాటర్, పిచర్, క్యాచర్ ముగ్గురిలో ఎవరైనా అడగొచ్చు. ఫ్రేమింగ్ విలువ కొంత తగ్గుతుంది, ఎప్పుడు చాలెంజ్ చెయ్యాలో తెలిసిన క్యాచర్ విలువ పెరుగుతుంది. నా అంచనా అయితే రెండో క్యాచర్ ఉద్యోగం పోదు, ఇంటర్వ్యూ ప్రశ్నలు మారతాయి.

అంత బాగా ఆడినందుకు మిల్వాకీ ఏం చేసింది? 2019 జనవరిలో యాస్మనీ గ్రాండాల్‌ని సుమారు 18 మిలియన్ డాలర్లకి తెచ్చుకుంది, మార్చిలో క్రాట్జ్‌ని జెయింట్స్‌కి పంపేసింది. తప్పు పట్టలేం, గ్రాండాల్ నిజంగానే పెద్ద ప్లేయర్. జెయింట్స్‌లో 15 మ్యాచ్‌లు, రేస్‌లో 6, మళ్ళీ యాంకీస్ ట్రిపుల్ ఏ. నవంబర్‌లో ప్రీమియర్ 12 టోర్నీకి అమెరికా జెర్సీ వేసుకున్నాడు, 39 ఏళ్ళకి. భార్య, ముగ్గురు పిల్లలు, ప్రతిసారీ ఏ ఊళ్ళో ఇల్లు వెతుక్కోవాలో తెలీని బతుకు, దాని మీద ఎవరూ ఆర్టికల్ రాయరు.

2020 కోవిడ్ సీజన్, 60 మ్యాచ్‌లే. ఆగస్టు 30న యాంకీస్ కుర్రాడు డీవీ గార్సియా మొదటి మ్యాచ్, మెట్స్ మీద. పిచర్‌కి 21 ఏళ్ళు, క్యాచర్‌కి 40. గార్సియా 6 ఇన్నింగ్స్ వేశాడు, ఒక్క ఎర్న్‌డ్ రన్ (పిచర్ ఖాతాలో పడే రన్) కూడా ఇవ్వలేదు. ఆ రోజుల్లోనే జూమ్‌లో రిపోర్టర్లు ఈ కుర్రాళ్ళ గురించి అడిగితే క్రాట్జ్ మాట్లాడుతూ మాట్లాడుతూ కళ్ళనీళ్ళు పెట్టేసుకున్నాడు. లాటిన్ అమెరికా పిల్లలు భాష రాకుండా, ఇంట్లోవాళ్ళకి దూరంగా వచ్చి పడే కష్టం గురించి, వాళ్ళు తనకి కొడుకుల్లాంటివాళ్ళని. ఊరికే అనడం కాదు, మైనర్ లీగుల్లో వాళ్ళతో కలిసి బతికి స్పానిష్ నేర్చుకున్నాడు, గార్సియాతో 2019లో ట్రిపుల్ ఏలో కలిసున్నాడు. పెద్ద స్టార్ క్యాచర్ ఎవరికైనా ఆ కుర్రాళ్ళ సంగతి అంత దగ్గరగా తెలిసే చాన్స్ తక్కువ, ఎందుకంటే స్టార్లు ఆ బస్సుల్లో ఏడాదో రెండేళ్ళో ఉండి పైకెళ్ళిపోతారు, ఈయన అక్కడే ముసలాడయ్యాడు కదా.

ఆ సీజన్‌లో ఆయన బ్యాటింగ్ 28కి 9, .321. పదికి పైగా మ్యాచ్‌లు ఆడిన సీజన్లలో ఇదే బెస్ట్ యావరేజ్, నవంబర్‌లో రిటైర్మెంట్ చెప్పేశాడు. గార్సియాని యాంకీస్ 2023 ఆగస్టులో డీఎఫ్ఏ చేస్తే వైట్ సాక్స్ తీసుకుంది. క్రాట్జ్ ఇప్పుడు ఫౌల్ టెరిటరీ అనే షోలో కూర్చుని మాట్లాడుతుంటాడు, పక్కన ఏ.జె. పియర్జిన్‌స్కీ, ఆయనా క్యాచరే, కాకపోతే 2000కి పైగా మ్యాచ్‌లు ఆడి వరల్డ్ సిరీస్ గెలిచినోడు. వాళ్ళిద్దరిలో నేను క్రాట్జ్ మాట వినడానికే పెట్టుకుంటా, ఇన్ని డ్రెస్సింగ్ రూములు చూసినోడు దొరకడం కష్టం మరి.